నా గిన్నెలో గుడ్డు

పక్షవాతం వచ్చి తగ్గాక నాన్న ఇంట్లో తినే మొదటి భోజనం ఇది. గొంతులో ఏదైనా అడ్డం పడితే ప్రాణానికే ముప్పని ఆస్పత్రిలో మరీ మరీ చెప్పి పంపారు.

అందుకే చూకాదోన్ చేశాను. పంది మాంసం, క్యాబేజీ, క్యారెట్ సన్నగా తరిగి వేయించి, బంగాళాదుంప పిండి కలిపిన నీళ్లతో చిక్కబరిచి, మెత్తటి అన్నం మీద పోశాను. మనిషికొకటి చొప్పున పైన పెట్టే ఉడికించిన కౌజుపిట్ట గుడ్డు మాత్రం నా గిన్నెలోనే వేశాను. ఇక్కడ జపాన్‌లో దీన్ని చైనా వంటకం అంటారు గానీ మా ఇంట్లో అది అమ్మ వంట.

"కూర చేశావా, తలుపులకి కాగితం అంటించే జిగురు చేశావా చిహారూ?" అన్నాడు నాన్న ముద్దమాటతో.

"జిగురైతేనే గొంతులో జారుతుంది నాన్నా. మెల్లగా తిను."

"నా కౌజుపిట్ట గుడ్డేది?"

"నీకు లేదు. అడ్డం పడుతుంది."

"నీకుందే."

మంచినీళ్లకి లేచాను. తిరిగొచ్చేసరికి నా గిన్నెలో గుడ్డు లేదు. నాన్న నోరు బిగించి కూర్చున్నాడు. కళ్లలోంచి నీళ్లు కారుతున్నాయి.

"ఉమ్మెయ్ నాన్నా."

నాన్నని ముందుకి వంచి వీపు మీద గట్టిగా చరిచాను. నోట్లో వేలు పెట్టి వెతికాను. ఏమీ తగల్లేదు.

నాన్న నా చెయ్యి తోసేసి, కుర్చీ వెనక అర చూపించాడు. పోయిన అమ్మ ఫోటో ముందు రోజూ మొదటి వడ్డన పెట్టే చిన్న పళ్లెం ఉంటుందక్కడ. ఈ కంగారులో ఇవాళ మర్చేపోయాను. అందులో గుడ్డు ఉంది.

"మీ అమ్మకి పెట్టకుండా ఎలా తింటాం?" అన్నాడు. "తన గుడ్డు ఎప్పుడూ నాకే వేసేసేది."