సరంగు బాకీ

“ఆ రోజు నీళ్ళు బాగా చల్లగా ఉన్నాయా?”

పక్కన కూర్చున్న పెద్దమనిషి అలా అడిగేసరికి సరంగుకి ఒళ్ళు మండిపోయింది.

జలరవాణా ఆఫీసు వరండాలో బల్ల మీద ఇద్దరే ఉన్నారు.

సరంగు తన అర్జీ సంగతి కనుక్కోవడానికి ఎప్పుడొచ్చినా ఆ మనిషి కూడా ఎక్కడినుంచో ఊడిపడేవాడు. సన్నగా, పొడుగ్గా, ఇస్త్రీ నలగని చొక్కాతో ఉండేవాడు. తనెవరో చెప్పడు, తన పనేమిటో చెప్పడు. అడగడం మాత్రం ఆపడు. గాలి ఎటునుంచి వీచింది, లాంచీ ఒక్కసారిగా ఒరిగిందా, మెల్లగా ఒరిగిందా, అందరూ కేకలు పెట్టారా అని.

మొదట్లో సరంగు ఓపిగ్గానే చెప్పాడు. తన గోడు వినేవాడంటూ ఒకడు దొరకడమే గగనంగా ఉంది మరి.

మీసం మొలిచిన నాటినుంచీ ప్రభుత్వ లాంచీ నడిపాడతను. ఇంకొద్ది నెలల్లో రిటైరవుతాడనగా, నది మధ్యలో చుక్కాని గొలుసు తెగింది. లాంచీ అదుపు తప్పి వంతెన స్తంభానికి కొట్టుకుని ఒరిగిపోయింది. కాలు విరిగినా సరంగు నీళ్ళలోనే ఉండి, జనాన్ని ఒక్కొక్కరినీ స్తంభం గట్టు మీదికి చేర్చాడు.

ఒక్క అమ్మాయి మాత్రం దక్కలేదు.

అతను ఆసుపత్రినుంచి ఇంటికొచ్చేసరికి రిటైర్మెంటు కాగితంతోపాటు ఇంకో కాగితం సిద్ధంగా ఉంది. ప్రమాదం అతని నిర్లక్ష్యం వల్లే జరిగిందట. లాంచీ ఖరీదూ, చనిపోయిన అమ్మాయి ఇంటివాళ్ళకిచ్చిన పరిహారమూ అతని బాకీయేనట. అది తీరేదాకా గ్రాట్యుటీ లేదు, పింఛనూ లేదు.

గొలుసు వదులైందని ఆ ఉదయమే రేవు అధికారికి చెప్పాననీ, ఈ ఒక్క ట్రిప్పుకీ ఏం కాదు పొమ్మన్నాడనీ సరంగు ఎంత మొత్తుకున్నా ఎవరూ చెవిన పెట్టలేదు. ఆ అధికారి అసలా మాటే ఎరగనన్నాడు. ప్రయాణికుల్ని పిలిచి అడిగిన పాపాన ఎవరూ పోలేదు.

సరంగు భార్య కొన్నాళ్ళు గుట్టుగా సంసారం నెట్టుకొచ్చింది. చివరికి ఇల్లు బేరం పెట్టక తప్పలేదు. కొనే మనిషి వచ్చి, వంటగది గోడ కొట్టేస్తే కారు పడుతుందా అని టేపు పట్టి కొలుచుకుపోయాడు. ఆ పూట ఆమె పొయ్యి వెలిగించలేదు.

ఆ మర్నాడే ఈ చల్లనీళ్ళ ప్రశ్న.

“నా బతుకు మీకు కాలక్షేపంగా ఉందా?” అన్నాడు సరంగు. గొంతు పెంచలేదు కానీ, మాట పదునుగానే తగిలింది. “తెలుసుకుని మీరేం చేసుకుంటారండీ? పనీపాటా లేకపోతే ఇంట్లో కూర్చోండి.”

పెద్దమనిషి ముఖం పాలిపోయింది.

“ఏమీ అనుకోకండి” అని లేచి, మెట్లు దిగి వెళ్ళిపోయాడు.

మళ్ళీ ఆ బల్ల దగ్గర కనబడలేదు. పీడ విరగడైందనుకున్నాడు సరంగు.

నెల తిరక్కుండానే, అతని అర్జీ చూస్తున్న విచారణాధికారిణి నుంచి పిలుపొచ్చింది. గుండె చిక్కబట్టుకుని వెళ్ళాడు. ఆవిడ ముందుగా అతన్ని కూర్చోమంది. తరవాత, ఊరించకుండా చెప్పేసింది.

“మీ మీద బాకీ ఏమీ లేదండీ. ఆపిన డబ్బంతా ఈ వారంలోనే వచ్చేస్తుంది.”

గొలుసు సంగతి సరంగు చెప్పడమూ, రేవు అధికారి కసురుకోవడమూ లాంచీలో ఉన్నవాళ్ళు చెవులారా విన్నారట. అంతా వచ్చి, విన్నది విన్నట్టు సాక్ష్యం చెప్పారట.

సరంగుకి గుండెల మీంచి బండ దింపినట్టయింది. వరండాలోకి వచ్చి భార్యకి ఫోన్ చేశాడు. సంగతి విన్నాక అటునుంచి ఉలుకూ పలుకూ లేదు.

“ఏమే, ఉన్నావా?”

“ఉన్నా” అంది ముక్కు చీదుకుంటూ. “ఇల్లు అమ్మట్లేదని ఆ టేపు మనిషికి నేనే చెప్తా. మీరు చెప్పకండి, ఆ ముచ్చట నాకొదిలెయ్యండి.”

ఎన్నాళ్ళకో ఇద్దరికీ ఒకేసారి నవ్వొచ్చింది.

ఆ నవ్వు ముఖంతోనే వెళ్ళి గుమాస్తాని పలకరించాడు. ఇన్నాళ్ళూ లేని సాక్షులు ఇప్పుడెలా పుట్టుకొచ్చారని అడిగాడు.

“మీ పక్కన కూర్చునేవారే, ఆ పొడుగు పెద్దాయన, ఆయనే తెచ్చారు” అన్నాడు గుమాస్తా. ఇల్లిల్లూ వెతుక్కుంటూ తిరిగాడట. మాకెందుకొచ్చిన గొడవ అన్నవాళ్ళ గుమ్మంలో కదలకుండా కూర్చున్నాడట. ‘ఆ సరంగు అబద్ధమాడే మనిషి కాదు, పక్కన కూర్చుని విన్నాను’ అని అందరితోనూ అన్నాడట.

సరంగు నాలుక కరుచుకున్నాడు. “నోటికొచ్చినట్టు అనేశానే ఆయన్ని. ఎక్కడున్నారిప్పుడు?”

“పనైపోయిందని పొద్దున్న రైలుకే వాళ్ళ ఊరు వెళ్ళిపోయారు. మొదట్లో మీకు దగ్గరి చుట్టమేమో అనుకున్నాం మేం.”

“కాదండీ. ఎవరో కూడా తెలీదు నాకు.”

గుమాస్తా గొంతు తగ్గించి చెప్పాడు.

“ఆ రోజు దక్కని అమ్మాయి ఉంది కదా, ఆ అమ్మాయికి నాన్నండీ ఆయన.”