సగం మంచం

"ఆఫీసూ లేదు, గీఫీసూ లేదు. లోహిత్‌ని చూసేదాకా ఈ మంచం మీంచి లేవను!"

ఉదయం ఎనిమిదింటికి, కొత్తగూడలోని ఆ హాస్టల్లో ఆదర్శ్ భీష్మించుకుని కూర్చున్నాడు. హాస్టల్ బాగోగులు చూసే వీరేశం గుమ్మంలో నిలబడి తల గోక్కున్నాడు.

"ఏంది తమ్మీ, గిట్ల మొండికేస్తవ్? క్యాబ్ పోతది, లేవు."

మంచం ఒకటే, మనుషులు ఇద్దరు. రాత్రి ఆదర్శ్ పడుకుంటాడు. నైట్ డ్యూటీ చేసొచ్చి పగలు లోహిత్ పడుకుంటాడు. ఆర్నెల్లుగా ఒకరి మొహం ఒకరు చూసుకోలేదంటే నమ్మండి! ఉన్నదల్లా దిండు కింద చీటీలే. మొదట్లో 'దుప్పటి మడత పెట్టవేం?' అని ఇంగ్లీషులో తగాదాలు. చనువు పెరిగాక చీటీలు తెలుగులోకి దిగాయి. 'జ్వరం తగ్గిందా?', 'ఫోన్ చూస్తూ తినకు, వంటబట్టదు.'

"క్యాబ్ పోతే పోనివ్వండి. రాజీనామా మెయిల్ రాసి పెట్టుకున్నా. ఈ ఊళ్లో నేను ఉన్నానా పోయానా అని అడిగేవాడు అతనొక్కడే. అతను ఉండమంటే ఉంటా. లేదా ఇవాళే బస్సెక్కి మా తుని పోతా."

"గంత మాటెందుకు? చీటీ రాసి పెట్టు. రేపు జవాబిస్తడు."

"చీటీలు చాలండీ! నాకు మనిషి కావాలి."

తొమ్మిదైంది. పదైంది. మెట్ల మీద చప్పుడైనప్పుడల్లా ఆదర్శ్ లేచి తొంగిచూడటం, ఉసూరుమంటూ కూలబడటం. చివరికి ఫోన్ తీశాడు.

"అతను రాడు. నాకు తెలుసు. మెయిల్ పంపేస్తున్నా."

"ఆగు తమ్మీ!" వీరేశం ఫోన్‌కి చెయ్యి అడ్డం పెట్టాడు. "ఆ పిలగాడు ఖాళీ చేసి మూడు నెలలాయె. బెంగుళూరు పోయిండు."

ఆదర్శ్ చటుక్కున దిండు కింద ఉన్న నిన్నటి చీటీ లాగాడు.

"మరి 'తొందరపడకు, నేనున్నా కదా' అని రాసిందెవరు?"

వీరేశం గుమ్మం వైపు తిరిగాడు. "టిఫిన్ సల్లగైతది. రా ఇగ" అంటూ గబగబా కిందికి దిగిపోయాడు.

చీటీ పట్టుకుని ఆదర్శ్ వెనకాలే పరుగెత్తాడు. ఫోన్లోంచి తలెత్తక ఇన్నాళ్లూ అతను చూడని బోర్డొకటి భోజనాల గది గోడకుంది. దాని మీద వీరేశం సుద్దముక్కతో మధ్యాహ్నం వంట రాస్తున్నాడు. సొరకాయ పప్పు, చారు.

చీటీలోని గుండ్రటి అక్షరాలే.