తాళం నాది కాదు

"పిటిషన్ వెనక్కి తీసుకుంటున్నాం, యువరానర్."

తన లాయరమ్మ ఆ మాట అనగానే టైలర్ బెంచీ మీంచి లేచి నిలబడ్డాడు. నిన్నటికి నిన్న "అంతు చూద్దాం" అన్నది ఈవిడే కదా!

"చట్టపరమైన ఇతర మార్గాలు చూసుకునే స్వేచ్ఛతో ఉపసంహరణకు అనుమతిస్తున్నాం" అన్నారు జడ్జిగారు. అందులో ఒక్క ముక్క బుర్రకెక్కితే ఒట్టు. తను అద్దెకున్న షాపుకి పడ్డ తాళం మాత్రం ఊడలేదని తెలిసిపోయింది.

వరండాలో లాయరమ్మకి అడ్డం పడ్డాడు.

"ఏంటమ్మా ఇది? మీరూ ఆ షాపు ఓనరూ కుమ్మక్కయ్యారా? నా మిషన్లు, జనం బట్టలు అన్నీ లోపలే ఉన్నాయి. నేనేం తిని బతకాలి?"

"తాళం తనది కాదని, నువ్వే వేసుకుని తన మీదికి తోస్తున్నావని ఓనర్ ప్రమాణం చేసి మరీ చెప్పాడు. అతను వేస్తుండగా చూసినవాళ్లు లేరు. అదంతా సాక్ష్యాలతో సివిల్ కోర్టులో తేలాల్సిందని జడ్జిగారి మాట. కేసు కొట్టేయకముందే మనమే బయటికొచ్చాం. ఇక అక్కడికే వెళ్దాం."

"అక్కడ మాత్రం సాక్ష్యం ఆకాశంలోంచి ఊడిపడుతుందా?"

లాయరమ్మ చేతి గడియారం చూసుకుంది. "ఓనర్‌కి సూటు కుట్టానన్నావు. ఎప్పటికి కావాలన్నాడు?" అంది.

టైలర్ తెల్లబోయాడు. "ఇవాళ సాయంత్రానికి. వాళ్లమ్మాయి రిసెప్షన్. అదీ షాపులోనే వేలాడుతోంది. ఇల్లు కాలి నేనేడుస్తుంటే మధ్యలో ఆ సూటు గోలేంటమ్మా?"

"పద, షాపుకి వెళ్దాం."

ఈవిడకి మతి పోయిందా, తనకే పోయిందా? తేల్చుకోలేకుండానే వెంట నడిచాడు. అతన్ని షాపు మెట్ల మీద కూర్చోమని, తను పక్కనున్న మందుల షాపులోకి వెళ్లింది. తలనొప్పి మాత్ర కోసం కాబోలు అనుకున్నాడు. ఆ మాత్ర తనకీ ఒకటి కావాలి.

కాసేపటికి ఓనర్ స్కూటర్ వచ్చి ఆగింది. మనిషి ముఖం వెలిగిపోతోంది.

"ఏమయ్యా టైలరూ, తోక ముడిచావట?"

టైలర్ పళ్లు కొరికాడు. "నవ్వండి సార్, నవ్వండి. రోజులు మీవి."

"మరి? నాతో పెట్టుకుంటే అంతే. లే, అడ్డు లే. నా సూటు లోపలే ఉండిపోయింది. మా ఆవిడ నన్ను కాల్చుకు తింటోంది. కేసు నడిచినన్నాళ్లూ తాళం మీద చెయ్యి పెట్టడానికి లేకపోయింది. ఇప్పుడు కేసే లేదుగా!"

జేబులోంచి తాళంచెవి తీసి తిప్పాడు. తాళం టక్కున ఊడింది. టైలర్ నోరు తెరుచుకుని చూస్తుండిపోయాడు.

వెనకనుంచి, ఫోన్ ఎత్తి వీడియో తీస్తూ, లాయరమ్మ ఎంతో మర్యాదగా అంది:

"కాస్త ఇటు తిరగండి సార్... తాళంచెవి సరిగ్గా పడటంలేదు!"