ఆ గొంతు కాదు

“పాపం, ఆ బ్రెజిల్ అమ్మాయికి తెలుగు ఒక్క ముక్క కూడా రాదండీ. సెట్లో ఒకటి, రెండు, మూడు అంటూ పెదాలు కదిపేదట” అని రేడియోలో యాంకర్ జయరాం నవ్వగానే అరుంధతి చేతిలోని గరిటెను సింకులోకి విసిరేసింది.

సింగపూర్‌లో, బిషాన్‌లోని ఒక ఫ్లాట్‌లో కూర్చుని సాఫ్ట్‌వేర్ కుర్రాళ్లు కొందరు ఇంటర్నెట్‌లో నడిపే తెలుగు రేడియో అది. రాఫెల్స్ ప్లేస్ ఆఫీసులు తెలుగువాళ్లతో నిండిపోతున్న రోజులు. ఆదివారం వస్తే టాంపినీస్‌లో చాలా ఇళ్లలో కంప్యూటర్ దగ్గర చేరి ఆ రేడియో వినేవారు. ఆ రోజు పోటీ సినీతార లూయిజా మీద. ఏదో పాటలో ఆడటానికి రియో నుంచి మద్రాసు వచ్చి, హీరోయినై, వరసగా హిట్లు కొట్టి, ఉన్నట్టుండి మాయమైపోయిన తార. ఆమె డైలాగును ఫోన్లో అచ్చం సినిమాలోలాగే చెప్పినవాళ్లకు బహుమతి.

“ఒక్క ముక్క రాదా? ఎవడు చెప్పాడు వీడికి?” అంటూ అరుంధతి ఫోను అందుకుంది. ఆ డైలాగు కోసం గొంతు బొంగురుపోయేదాకా సాధన చేసింది తను. అంత చేసినా ఆ గొంతును పట్టించుకున్న నాథుడు లేడు. తలుచుకుంటే ఇప్పటికీ ఒళ్లు మండుతుంది.

“నువ్వెవరో చెప్పెయ్ లా, అమ్మా. ఈజీగా గెలుస్తావ్” అంది కూతురు మీనా, ఇక్కడి పిల్లల యాసలో.

“చెబితే పేరుకి మార్కులేస్తారు. నా గొంతుకి వెయ్యాలి. ఒక్కసారైనా వెయ్యాలి.”

లైను కలిసింది.

“ఈ గడప దాటేది నేను కాదు, నీ పొగరు.”

ఏళ్ల తరబడి దిగమింగుకున్న కోపమంతా అందులో పలికింది.

అవతల జయరాం అందుకున్నాడు. “బాగా చెప్పారాంటీ. కానీ ఆ గొంతు కాదండీ. లూయిజాది సన్నగా, తియ్యగా ఉంటుంది. మీది కాస్త బరువు. యాస కూడా వేరు. మీరు మలేషియా తెలుగువాళ్లా?”

“కాదు. మా అత్తగారి పలుకు అంటుకుంది. తప్పా?”

“తప్పని కాదాంటీ. లూయిజాలా లేదు, అంతే.”

“లూయిజా ఎలా మాట్లాడుతుందో నువ్వు విన్నావా?”

“ఆవిడ సినిమాలన్నీ చూశాను.”

“చూశావు. వినలేదు.”

“కోప్పడకండాంటీ. కన్సొలేషన్‌గా ఆవిడ పోస్టర్ పంపిస్తాం. సంతకం మాత్రం ఉండదు. ఆవిడ ఎక్కడుందో ఎవరికీ తెలీదు కదా.”

అరుంధతి ఠపీమని ఫోను పెట్టేసింది. “మద్రాసులోనూ ఇదే మాటని ఇంకెవరి చేతో డబ్బింగ్ చెప్పించారు. ఇక్కడా ఇదే మాట” అని గొణుక్కుంటూ పొయ్యి మీద కూర మాడిపోతున్నా పట్టించుకోలేదు.

మీనా అడ్రసు పంపడంతో వారం తిరక్కుండానే పోస్టర్ వచ్చింది. మీనా దాన్ని భోజనాల బల్ల మీద పరిచి, చుట్టుకుపోకుండా అంచుల మీద మంచినీళ్ల గ్లాసులు పెట్టింది. అరుంధతి కసిగా పెన్ను మూత పీకింది.

పోస్టర్‌లో నవ్వుతున్న తన మొహం కింద, పెళ్లయ్యాక వచ్చిన అరుంధతి పేరు వదిలేసి, లూయిజా అని సంతకం పెట్టింది.