రాతిపువ్వు మీద బూజు

"సమాధులు తోముకునేవాళ్ళు కూడా సైన్సులోకి దిగారన్నమాట!" అన్నాడు ప్రొఫెసర్ డొమగావా, ఎదుట నిలబడ్డ బొగుమీలాను ఎగాదిగా చూస్తూ.

బొగుమీలా శ్మశానంలో పనిమనిషి. పొద్దున్నే బస్సెక్కి క్రాకోవ్ వచ్చింది. తలుపు మీది ఇత్తడి పలకలో పేరు కూడబలుక్కుని రెండుసార్లు చదువుకున్నాకే లోపలికి అడుగుపెట్టింది. తలకు కట్టిన రుమాలైనా విప్పకుండా వార్తాపత్రిక పొట్లమొకటి బల్ల మీద పెట్టింది. అందులో రాతి పలక మీంచి గీరిన బూడిదరంగు రాతిపువ్వు, దాని నిండా ఆవగింజంత గులాబీ చుక్కలు.

"చనిపోయినవాళ్ళ పండగ ఇంకా తొమ్మిది రోజులే కదండీ. ఊరంతా సమాధులు కడిగేసుకుని చామంతులు పెట్టేసుకుంటున్నారు. ఒక్క రాయే మిగిలిపోయింది. చూద్దును గదా, దాని మీద ఇది! మీరు బూజుల పండితులట, ఫాదర్ గారు చెప్పారు."

"బూజు కనిపిస్తే చీపురు వెతుక్కోవాలమ్మా, ప్రొఫెసర్ని కాదు."

అన్నాడే గాని, ఆమె తెలివితక్కువతనం ఆమెకే చూపిద్దామని ఓ ముక్క మైక్రోస్కోపు కింద పెట్టాడు. పెట్టి, కళ్ళజోడు తుడుచుకుని మళ్ళీ చూశాడు. రాతిపువ్వును తిని బతికే బూజులన్నీ ఆయనకు కంఠతా వచ్చు. ఇది వాటిలో ఏదీ కాదు. డిసెంబరులో రిటైర్మెంటు. శిష్యుల్లో నలుగురు కొత్త జాతులకు పేర్లు పెట్టేశారు. ముప్ఫై ఎనిమిదేళ్ళుగా నోరు పారేసుకోవడమే గాని, ఈయన పెట్టింది ఒక్కటీ లేదు.

"ఎక్కడిదే ఇది?"

"చెప్పను."

"ఏమిటీ?"

"అడవిలో పుట్టగొడుగులు ఏరుకునేవాళ్ళం, చోటు ఎవరికి చెబుతామండీ? మా అమ్మ పోతూ పోతూ కూడా నాకే చెప్పలేదు."

ఆయనకు ఒళ్ళు మండిపోయింది. "ఇది బుట్టలో వేసుకెళ్ళి వండుకు తినే పుట్టగొడుగు కాదు తల్లీ! ఏ రాయి మీద దొరికిందో రాయకపోతే కొత్త జాతని ఎవడూ ఒప్పుకోడు. ఆ రాయి కదలకూడదు. దాని మీద బ్రష్షు పడిందా, నీ ఉద్యోగం ఊడబీకిస్తాను!"

"బ్రష్షు దాకా ఎక్కడండీ! పండగ కాగానే రాయే పెళ్ళగించేస్తారు. సమాధి చోటుకి గడువు ఇరవై ఏళ్ళండీ, ఇన్నేళ్ళూ అడిగిన దిక్కు లేదు. నోటీసు అంటించి కూడా ఏడాదయింది. అయినవాళ్ళెవరైనా వచ్చి సంతకం పెడితే సరి, లేదంటే ఆ గొయ్యి ఇంకొకళ్ళకి."

పోయేది గొయ్యి కాదు, ప్రొఫెసర్ పేరు! ఆ భయం కాస్తా తిట్టై బయటికొచ్చింది.

"రాతిపువ్వు ఇంత మందాన పట్టిందంటే ఇరవై ఏళ్ళలో ఒక్కడూ తడిగుడ్డయినా వెయ్యలేదు. ఛీ, ఏం సంతానమే అది! పండగనాడు ఒక్క దీపం పెట్టడానికి చేతులు పడిపోయాయా? రాతిపువ్వును పీక్కుతినే ఈ బూజు నయం. తిన్నచోటే అంటిపెట్టుకుని ఉంటుంది."

"మేమూ అలాగే అనుకున్నామండీ. మీ అంత బాగా తిట్టడం మాకు రాదు."

"ఆ వెధవ ఎవడో చెప్పు. చెవి పట్టుకుని లాక్కొచ్చి సంతకం పెట్టిస్తాను."

"తీరా పేరు చెప్పాక మాట తప్పరు గదా?"

"అమ్మ తోడు! ఆ వెధవ మంత్రయినా సరే, వదిలేది లేదు."

బొగుమీలా కోటు జేబులోంచి శ్మశానం వాళ్ళ కాగితం తీసి మడత విప్పింది. మైక్రోస్కోపు పక్కన పరిచి, దాని మీద కలం పెట్టింది.

"రాతిపువ్వు కమ్మేసి ఇన్నాళ్ళూ రాయి మీద పేరే కనిపించలేదండీ. మీకోసం దీన్ని గీరానా, గీరినచోట బయటపడింది" అంది. "లుద్గార్దా డొమగావా. మీ అమ్మగారే. సంతకం పెట్టండి బాబూ."