వడ్రంగిపిట్ట బకాయి

అడవి విశ్వవిద్యాలయంలో గంట కొట్టే ఉద్యోగం వడ్రంగిపిట్టది. రోజూ తెల్లారగానే అది వేపమాను మీద టకటకమనిపిస్తే కుందేళ్లూ జింకలూ పాఠానికి పరుగెత్తుకొచ్చేవి. జీతం నెలకు రెండు దొప్పల గింజలు. మూడేళ్లుగా ఒక్క గింజ రాలలేదు. అడిగితే, అక్కడ పెత్తనం చేసే నక్క "కాగితం కదులుతోంది" అనేది.

విసిగిపోయిన పిట్ట న్యాయాధిపతి ఏనుగు దగ్గర దావా వేసింది. వేసిందే గానీ ఒకటే దిగులు. ఓడిపోతే గూట్లో పిల్లలకు ఏం పెట్టాలి?

"హాజరుపట్టీ చెదలు తినేసింది. ఇది పని చేసిందనడానికి రుజువేది?" అంది నక్క.

అంతటితో ఊరుకోక నక్క ఎదురు ఫిర్యాదూ చేసింది.

"పైగా ఇదే నాకు పరిహారం కట్టాలి దొరా! మూడేళ్లుగా దీని టకటకతో నాకు తెల్లవారుజామున నిద్రే లేదు."

"రోజూనా?" అంది ఏనుగు.

"ఒక్కరోజు నాగా పెడితే ఒట్టు!"

ఏనుగు తొండమెత్తింది. "హాజరు తేలిపోయింది. బకాయి మొత్తం ఈ పూటే కొలిచివ్వు."

పిట్ట హమ్మయ్య అనుకుంది. మూడేళ్ల తర్వాత ఆ రాత్రి పిల్లలతో పాటు తనూ కడుపునిండా తిని పడుకుంది.

మర్నాడు తెల్లారగానే వేపమాను మళ్లీ మోగింది. గుహలో నక్క ఈసారి చెవులకు బదులు నోరు మూసుకుంది.