ఎనిమిది గంటల వాసన

"మూత తియ్యకండి. తీసిన ప్రతిసారీ అరగంట వెనక్కి పోతుందట," అంది హైమ.

అచ్యుత్ చెయ్యి వెనక్కి తీసుకున్నాడు. చారిటీ షాపులో సెకండ్‌హ్యాండ్‌లో కొన్న స్లో కుక్కర్ అది, ఎనిమిది గంటలు సన్నగా ఉడికించే కరెంటు గిన్నె. గాజు మూతకు ఆవిరి పట్టి లోపలేముందో కనపడడం లేదు. కనపడకపోవడమే నయం. ఉదయం ఏడింటికి చేతులకు గ్లవ్స్ వేసుకుని, ముఖం పక్కకు తిప్పుకుని, కిలోన్నర హామ్, పందిమాంసం ముక్కను అందులోకి దించింది అతనే. దాని మీద సౌర్‌క్రౌట్, అంటే ఉప్పులో పులిసిన క్యాబేజీ, సీసాడూ గుమ్మరించి రెండు ఆపిల్స్ తరిగి వేసింది హైమ. ఆ ఇంట్లో మాంసం ఉడకడం అదే మొదలు. తినేవాళ్ళు మాత్రం ఎవరూ లేరు.

"వాసన వస్తోందా?" అన్నాడు.

"మేడ మీద బాత్రూంలోకి కూడా వచ్చింది."

"మన వాసన పోయిందా?"

హైమ కర్టెన్ కొస పట్టుకుని వాసన చూసింది. "పోయినట్టే ఉంది."

ఇంగ్లండులో రీడింగ్ అనే ఊళ్ళోని ఈ ఇల్లు అమ్మకానికి పెట్టి నాలుగు నెలలైంది. హైమ ఉద్యోగం కార్డిఫ్‌కు మారింది. వారమంతా అక్కడ అద్దెగదిలో ఉండి, శని ఆదివారాలు ఇంటికొస్తోంది. ఆరేళ్ళ అక్షర ప్రతి ఆదివారం సాయంత్రం వాళ్ళమ్మ బూట్లు దాచేస్తోంది. కార్డిఫ్‌లో చూసుకున్న ఇంటివాళ్ళు సోమవారం దాకా ఆగుతామన్నారు. ఈలోగా ఇది అమ్ముడుపోకపోతే అది వేరేవాళ్ళకు వెళ్ళిపోతుంది. ఇవాళ శనివారం.

ఇన్నాళ్ళలో రెండోసారి చూస్తానన్నది ఒక్క బెకర్ గారే. డెబ్భై ఏళ్ళుంటాయి. మూడు వారాల కిందట ఆయన మొదటిసారి వచ్చిన వేళకే, అచ్యుత్ తల్లి వెంకటరమణమ్మ చారులో పోపు పెట్టింది. ఇంగువ, ఎండుమిరపకాయలు. బెకర్ వంటింటి గుమ్మంలోనే ఆగిపోయాడు. రుమాలు తీసి కళ్ళు తుడుచుకున్నాడు. "ఇది గ్యాస్ పొయ్యి కాదు కదా?" అని మాత్రం అడిగి, కాదన్నాక వెళ్ళిపోయాడు.

ఆ సాయంత్రమే అచ్యుత్ తల్లితో చెప్పాడు. "ఇల్లు అమ్ముడుపోయేదాకా పోపులు వద్దమ్మా."

ఆవిడ ఇంగువ డబ్బా తీసుకెళ్ళి తన సూట్‌కేసులో పెట్టుకుంది. ఆనాటి నుంచి ఇంట్లో చారు లేదు.

మొన్న సోమవారం ఏజెంట్ ఫోన్ చేశాడు. బెకర్ మళ్ళీ వస్తానన్నాడని చెప్పి, మరో మాట కూడా అన్నాడు. "ఆయన మీ వంటింటి వాసన గురించి రెండుసార్లు అడిగాడు." అంతే, అచ్యుత్‌కు నిద్ర పట్టలేదు. హైమ ఆఫీసులోని జర్మన్ అమ్మాయిని అడిగితే, మా ఇళ్ళలో ఆదివారం వాసనంటే ఇదేనని ఈ వంట రాసిచ్చింది. బెకర్ కూడా జర్మన్ పేరే.

మూడు కావస్తుండగా వెంకటరమణమ్మ కోటు వేసుకుని, మనవరాలి చెయ్యి పట్టుకుని మెట్లు దిగింది. "మేం వెళ్ళి కారులో కూచుంటాం. ఆయనెళ్ళాక పిలు."

"చలిగా ఉందమ్మా. పై గదిలోనే ఉండు."

"నా చీరక్కూడా ఇంగువ వాసన ఉంటుందేమోరా."

అచ్యుత్ కారు తాళాలు తెచ్చి ఇచ్చాడు.

"ఒక్క గంటే అత్తయ్యా," అంది హైమ.

"నాదేముందిలేమ్మా. తినేవాళ్ళు లేని వంట మాత్రం ఇదే చూడ్డం," అని కుక్కర్ వంక చూసింది ఆవిడ. "కలపకపోతే అడుగంటదూ?"

"అంటదట అత్తయ్యా."

నమ్మనట్టు చూసి వెళ్ళిపోయింది.

బెకర్ సరిగ్గా మూడింటికి వచ్చాడు. వాసన గేటు దాకా కొడుతోంది. ఆయన ముఖంలో మాత్రం ఏ మార్పూ లేదు. గదులన్నీ త్వరత్వరగా చూసి వంటింట్లోకి వచ్చాడు. పోయినసారి నిలబడ్డచోటే నిలబడి, కళ్ళు మూసుకుని గట్టిగా ఊపిరి పీల్చాడు. మళ్ళీ పీల్చాడు. ముఖం వాడిపోయింది.

"పొయ్యి ఎలక్ట్రిక్కే కదా?"

"అవునండీ," అన్నాడు అచ్యుత్.

అప్పుడు బెకర్ కుక్కర్ మీది ఎర్రలైటు చూశాడు. "ఓ, ఏదో వండుతున్నట్టున్నారే."

హైమ గబగబా మూత తీసింది. "హామ్, సౌర్‌క్రౌట్."

"మా అమ్మ వండేది." ఆయన మర్యాదగా గిన్నె మీదికి వంగి, ఆవిరిలో ముఖం పెట్టి, లేచాడు. "బాగుంటుంది," అని మూత తనే పెట్టేశాడు.

అచ్యుత్ చుట్టూ చూశాడు. గోడలకు పట్టిన పోపు ఇంకా కొడుతోందన్నమాట.

"ఇల్లు నచ్చింది," అన్నాడు బెకర్. "కానీ మాట ఇచ్చేముందు ఒకరితో మాట్లాడాలి. ఆ రోజు ఇక్కడ వంట చేస్తున్నావిడతో."

"మా అమ్మండీ. ఆ వాసనకు సారీ. మూడు వారాలైంది మానిపించి. కావాలంటే పెయింట్ వేయించే ఇస్తాం."

"మానిపించారా?" ఆయన కుర్చీ లాక్కుని కూచున్నాడు. "ఆవిడెక్కడ?"

అచ్యుత్ కారు దగ్గరికి పరుగెత్తాడు. హ్యాండ్‌బ్యాగు గుండెలకు హత్తుకుని వచ్చింది వెంకటరమణమ్మ. ఆమెను చూడగానే బెకర్ కుర్చీలోంచి లేచి నిలబడ్డాడు. కొడుకు తెలుగులో చెప్పడానికి వీలుగా ఆగి ఆగి, నాలుగైదు మాటలే మాట్లాడాడు. చివరికొచ్చేసరికి మళ్ళీ రుమాలు తీశాడు.

హైమ కుక్కర్ స్విచ్ ఆపేసింది.

"ఏమంటాడ్రా? నా చారు మీదేనా ఇంకా?" అంది వెంకటరమణమ్మ.

"కోవిడ్‌తో వాసనలన్నీ పోయాక ఆయన ముక్కుకు తెలిసిన వాసన నీ పోపు ఒక్కటేనటమ్మా."